ప్రభుత్వోద్యోగి పుట్టిన తేదీ: సర్వీసు రిజిస్టరులో నమోదు, సవరణ - నిబంధనలు ఏమి చెబుతున్నాయి?

ప్రత్యేక వ్యాసం

పెదకాకాని (గుంటూరు జిల్లా): ప్రభుత్వోద్యోగి సర్వీసు రిజిస్టరు మొదటి పుటలో పేరు, తండ్రి పేరు, స్వస్థలం, పుట్టుమచ్చలతో పాటు ఉండే ఒక్క పంక్తి ఆ ఉద్యోగి సేవాకాలం మొత్తాన్ని శాసిస్తుంది. అది పుట్టిన తేదీ. పదవీ విరమణ ఏనాడో, పింఛను ఎప్పటి నుంచో, ఆ స్థానంలోకి పదోన్నతిపై మరొకరు ఎప్పుడు వస్తారో నిర్ణయించేది ఆ పంక్తే. అందువల్లనే పదవీ విరమణ దగ్గర పడుతున్న కొద్దీ ఈ తేదీపై వినతిపత్రాలు, అప్పీళ్లు, న్యాయస్థానాల్లో వ్యాజ్యాలు దాఖలవుతుంటాయి. తహసీల్దారు, మండల పరిషత్ కార్యాలయాలు, ప్రభుత్వ పాఠశాలలు, గ్రామ సచివాలయాలు గల పెదకాకాని వంటి మండల కేంద్రంలో ఈ ప్రశ్న ఎదురుకాని కార్యాలయం అరుదు. ఈ విషయంలో అమలులో ఉన్న నిబంధనలను, ఉన్నత న్యాయస్థానాల తీర్పుల సారాంశాన్ని అధికారులు, పాత్రికేయుల సౌకర్యార్థం ఇక్కడ వివరించడమైనది.

తేడా ఎక్కడ మొదలైంది?

గుంటూరు ప్రాంతం మద్రాసు రాష్ట్రంలో ఉన్న కాలంలో జనన మరణాల నమోదు 1899 నాటి మద్రాసు చట్టం ప్రకారం జరిగేది. గ్రామాల్లో ఆ పని గ్రామాధికారులది. దేశమంతటికీ వర్తించే జనన మరణాల నమోదు చట్టం 1969లో వచ్చింది. చట్టం ఉన్నప్పటికీ ఇంట్లోనే పురుడు పోసుకున్న రోజుల్లో ఎన్నో జననాలు రిజిస్టరుకు ఎక్కలేదు. ఎక్కిన చోట కూడా తరచుగా తండ్రి పేరు, మగ శిశువు లేదా ఆడ శిశువు అన్న మాట మాత్రమే ఉండేవి. బిడ్డకు పేరు ఆ తరువాత పెట్టేవారు గనుక రిజిస్టరులో పేరు గడి ఖాళీగా మిగిలిపోయేది.

బిడ్డను బడిలో వేసేటప్పుడు తల్లిదండ్రులు చెప్పిన వయస్సునే ప్రవేశ రిజిస్టరులో రాసుకునేవారు. మిరప కోతలప్పుడు పుట్టాడనో, దివిసీమ ఉప్పెన వచ్చిన ఏడు పుట్టిందనో తల్లి చెబితే, ఉపాధ్యాయుడు వేళ్ల మీద లెక్కగట్టి ఒక తేదీ వేసేవారు. ఉప్పెన 1977 నవంబరులో వచ్చింది కనుక సంవత్సరమైనా దొరికేది. ఏ గుర్తూ లేని బిడ్డలకు ఐదేళ్లు నిండేటట్లుగా జూన్ లేదా జూలైలో ఒక తేదీ పడేది. పలువురు ఉద్యోగుల రికార్డుల్లో జూలై 1 పుట్టిన తేదీగా కనిపించడానికి ఇది ఒక కారణం. సంవత్సరం మాత్రమే తెలిసి నెల, తేదీ తెలియనప్పుడు జూలై 1ని, సంవత్సరం, నెల తెలిసి తేదీ తెలియనప్పుడు ఆ నెల 16ను తీసుకోవడం ఆర్థిక నియమావళిలో స్థిరపడిన పద్ధతి కావడం మరో కారణం.

బడి రిజిస్టరులో పడిన తేదీ పదవ తరగతి ధ్రువపత్రంలోకి, అక్కడి నుంచి సర్వీసు రిజిస్టరులోకి నడిచి వస్తుంది. ఇంట్లో తాటాకు మీదనో, పాత పంచాంగం అంచుననో రాసి ఉన్న అసలు తేదీ వేరుగా ఉండవచ్చు. సమస్య ఇక్కడే మొదలవుతుంది.

1984 నాటి నిబంధనలు

ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం ఈ అంశంపై ప్రత్యేక నిబంధనలను 1984 ఏప్రిల్ 21న జి.ఓ.ఎం.ఎస్. నం. 165, ఆర్థిక, ప్రణాళికా శాఖ ద్వారా జారీ చేసింది. వాటి పేరు ఆంధ్రప్రదేశ్ పబ్లిక్ ఎంప్లాయిమెంట్ (పుట్టిన తేదీ నమోదు, మార్పు) నిబంధనలు, 1984.

ఈ నిబంధనలు వచ్చిన సందర్భం గమనార్హం. రాష్ట్రంలో పదవీ విరమణ వయస్సును 1979లో 55 నుంచి 58 ఏళ్లకు పెంచి, 1983లో మళ్లీ 55కు తగ్గించి, 1984లో తిరిగి 58 చేశారు. అయిదేళ్లలో మూడు మార్పులు జరిగిన ఆ కాలంలో పుట్టిన తేదీలోని ఒక్కొక్క సంవత్సరం ఉద్యోగి జీవితంలో ఎంత విలువైనదో అందరికీ తెలిసివచ్చింది.

నిబంధనల సారాంశం ఇది. ఉద్యోగంలో చేరిన నెల రోజులలోగా ప్రతి ఉద్యోగి తన పుట్టిన తేదీపై ప్రకటన దాఖలు చేయాలి. కార్యాలయాధిపతి లేదా సర్వీసు రికార్డు నిర్వహించే అధికారి అవసరమైన విచారణ జరిపి, సమర్పించిన ఆధారాలను పరిశీలించి, ఉద్యోగి చేరిన నాలుగు నెలలలోగా పుట్టిన తేదీని నిర్ణయిస్తూ ఉత్తర్వు ఇవ్వాలి. ఆ తేదీని సర్వీసు రిజిస్టరులో నమోదు చేసి ధ్రువీకరించాలి. ఈ విధంగా నమోదైన తేదీయే అంతిమం. అది సరైనది కాదని ఆ తరువాత వివాదం లేవనెత్తే హక్కు ఉద్యోగికి ఉండదు.

నిబంధనలు రాక పూర్వం అప్పటి నియమాల ప్రకారం ఆధారం చూపి నమోదు చేయించుకున్న తేదీలకు కూడా ఇదే సూత్రం వర్తిస్తుంది. నిజమైన రాతపొరపాటు జరిగిన సందర్భంలో, అదీ ప్రభుత్వ ఉత్తర్వులతో మాత్రమే, మార్పు సాధ్యం. ఉద్యోగంలో చేరిన తరువాత పాఠశాల లేదా విశ్వవిద్యాలయ రికార్డులో తేదీ మార్పించుకున్నా, ఆ మార్పు సర్వీసు రిజిస్టరును కదల్చజాలదని తదుపరి సవరణ స్పష్టం చేసింది.

రాతపొరపాటు అంటే ఏది?

నిబంధనలలో మిగిలిన ఒకే ఒక్క ద్వారం ఇది గనుక దీని అర్థాన్ని సరిగా గ్రహించవలసి ఉంది. రెండు ఊహాజనిత ఉదాహరణలతో ఈ తేడాను చూడవచ్చు.

మొదటి ఉదాహరణ: ఒక ఉపాధ్యాయురాలు ఉద్యోగంలో చేరినప్పుడు సమర్పించిన పదవ తరగతి ధ్రువపత్రంలో పుట్టిన తేదీ 12-6-1968 అని ఉంది. గుమాస్తా సర్వీసు రిజిస్టరులో 12-6-1966 అని ఎక్కించారు. ఇక్కడ ఏ ఆధారాన్ని బట్టి నమోదు జరిగిందో ఆ ఆధారానికి, నమోదుకు మధ్య పొంతన లేదు. ఇది రాతపొరపాటు. దీనిని నిరూపించడానికి కొత్త సాక్ష్యం అక్కరలేదు, చేరిన నాటి పత్రమే చాలు.

రెండవ ఉదాహరణ: ఒక నాల్గవ తరగతి ఉద్యోగి 1985 ఆగస్టులో చేరాడు. పాఠశాల రికార్డు ప్రకారం, సర్వీసు రిజిస్టరు ప్రకారం ఆయన పుట్టిన తేదీ 1-7-1965. తాను నిజానికి 10-10-1967న పుట్టానని, జాతకచక్రం ఉందని, పదవీ విరమణకు రెండేళ్ల ముందు ఆయన దరఖాస్తు చేశాడు. ఇక్కడ గుమాస్తా చేతి తప్పు లేదు. రిజిస్టరు, పాఠశాల రికార్డు ఒకే మాట చెబుతున్నాయి. ఆయన ప్రశ్నిస్తున్నది పాఠశాల రికార్డు సత్యాన్ని. ఇది రాతపొరపాటు కిందికి రాదు.

ఈ రెండవ ఉదాహరణలో మరో చిక్కు ఉంది. ఆయన చెబుతున్న తేదీయే నిజమైతే 1985 ఆగస్టు నాటికి ఆయనకు పద్దెనిమిదేళ్లు నిండలేదు. అంటే ఏ తేదీ ఆధారంగా ఉద్యోగం పొందాడో ఆ తేదీని ఉద్యోగం ముగిసేటప్పుడు కాదంటున్నాడు. కేంద్ర ప్రభుత్వోద్యోగుల ఫండమెంటల్ రూల్ 56 కింద 1979లో చేర్చిన వివరణ ఇటువంటి సందర్భాన్ని నేరుగా ప్రస్తావించింది. మార్పు కోరే దరఖాస్తు చేరిన అయిదేళ్లలో రావాలి. తప్పు నిజంగా జరిగిందని రుజువు కావాలి. మార్చిన తేదీ ప్రకారం ఉద్యోగి తాను రాసిన పరీక్షకు గాని, పొందిన నియామకానికి గాని అనర్హుడు కాకూడదు. రాష్ట్ర ఉద్యోగులకు రాష్ట్ర నిబంధనలే వర్తిస్తాయి. అయినా కోరిన తేదీ నమ్మదగినదా అని తేల్చుకోవడానికి ఈ మూడవ ప్రశ్న ఎక్కడైనా ఉపకరిస్తుంది.

ఒక్క రోజు తేడా, ఒక నెల తేడా

రాష్ట్రంలో పదవీ విరమణ వయస్సు 2014 జూన్‌లో 60 ఏళ్లకు, 2022 జనవరి 1 నుంచి 62 ఏళ్లకు పెరిగింది. తెలంగాణలో 2021లో 61 ఏళ్లు చేశారు. ఉద్యోగి ఆ వయస్సు నిండిన నెల చివరి రోజు మధ్యాహ్నానంతరం విరమణ పొందుతారు. అయితే నెల మొదటి తేదీన పుట్టినవారు అంతకు ముందు నెల చివరి రోజునే విరమించాలి. మనిషికి ఒక వయస్సు నిండేది పుట్టినరోజుకు ముందు రోజు ముగియడంతోనే అన్నది ఇందుకు ఆధారం. సుప్రీంకోర్టు 1986లో ప్రభుదయాళ్ సేస్మా కేసులో వయస్సు లెక్కింపుకు ఈ సూత్రాన్నే అనుసరించింది.

దీని ఫలితంగా 1-7-1965న పుట్టిన ఉద్యోగి 2027 జూన్ 30న విరమిస్తే, 2-7-1965న పుట్టిన ఉద్యోగి 2027 జూలై 31న విరమిస్తారు. పై ఉదాహరణలోని ఉద్యోగి కోరిక నెరవేరితే ఆయన 2029 అక్టోబరు 31 వరకు కొనసాగుతారు. తేడా 28 నెలలు. ఇది ఆయనకు 28 నెలల జీతం. ఆయన తరువాతి వరుసలో ఉన్నవారికి 28 నెలలు ఆగిపోయిన పదోన్నతి. ఆ పదోన్నతి వల్ల ఏర్పడే ఖాళీకి ఎదురుచూస్తున్న నిరుద్యోగికి 28 నెలల నిరీక్షణ.

న్యాయస్థానాల దృష్టి

ఈ గొలుసుకట్టు ప్రభావాన్నే సుప్రీంకోర్టు 1993లో తమిళనాడుకు చెందిన ఆర్. కిరుబాకరన్ కేసులో ఎత్తిచూపింది. ఒకరి పుట్టిన తేదీ మారితే పదోన్నతి కోసం ఎదురుచూస్తున్న పలువురు శాశ్వతంగా నష్టపోవచ్చునని, అందువల్ల తిరుగులేని ఆధారం ఉంటే తప్ప జోక్యం తగదని పేర్కొన్నది. అదే సంవత్సరం హర్నామ్ సింగ్ కేసులో, 1956లో చేరి 1991లో మార్పు కోరిన కేంద్ర ఉద్యోగి అభ్యర్థనను తిరస్కరించింది. సుమారు 35 ఏళ్ల మౌనానికి తగిన వివరణ లేకపోవడమే కారణం.

మన రాష్ట్ర నిబంధనలు నేరుగా పరిశీలనకు వచ్చినది ఎం. హయగ్రీవ శర్మ కేసులో. రాష్ట్ర పరిపాలనా ట్రైబ్యునల్ ఉద్యోగికి అనుకూలంగా ఇచ్చిన ఉత్తర్వును 1990లో సుప్రీంకోర్టు రద్దు చేసింది. 1984 నిబంధనల ప్రకారం సర్వీసు రిజిస్టరులోని తేదీ అంతిమమని, రాతపొరపాటు మినహా మార్పుకు అవకాశం లేదని స్పష్టం చేసింది. 2021లో కర్ణాటకకు చెందిన టి.పి. నటరాజ కేసులో ఇదే వైఖరి మరింత సూటిగా వెలువడింది. వర్తించే నిబంధనల ప్రకారమే మార్పు కోరాలని, బలమైన ఆధారం ఉన్నా దానిని హక్కుగా అడగడానికి వీలులేదని, సేవాకాలం చివరలో వచ్చిన దరఖాస్తును ఆలస్యం కారణంగానే తోసిపుచ్చవచ్చునని ఆ తీర్పు సారాంశం.

ఎంతటి పదవిలో ఉన్నవారికైనా ఇదే సూత్రం. సైనిక ప్రధానాధికారి జనరల్ వి.కె. సింగ్ విషయంలో సైన్యంలోని ఒక విభాగం రికార్డులో 1950 మే 10 అని, మరొక విభాగం రికార్డులో 1951 మే 10 అని ఉంది. ప్రభుత్వం 1950నే ఖాయం చేసింది. 2012 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టులో విచారణ సందర్భంగా ఆయన తన పిటిషన్‌ను ఉపసంహరించుకుని, ఆ ఏడాది మే 31న విరమించారు.

ఉద్యోగికి ఉన్న రక్షణ

నిబంధనలు ఉద్యోగిని మాత్రమే కట్టివేస్తాయని భావించరాదు. నమోదైన తేదీని ఉద్యోగికి నష్టం కలిగే విధంగా మార్చదలిస్తే, కారణాలు, ఆధారాలు ఆ ఉద్యోగికి తెలియజేసి, సమాధానం చెప్పుకొనే అవకాశం ఇవ్వాలి. ఒరిస్సా ప్రభుత్వంలో వైద్యురాలైన బీణాపాణి దేయి పుట్టిన తేదీని సరైన విచారణ లేకుండా మార్చి విరమింపజేయడాన్ని సుప్రీంకోర్టు 1967లోనే తప్పుపట్టింది. పరిపాలనాపరమైన ఉత్తర్వు అయినా అది పౌరుని హక్కుకు భంగం కలిగిస్తే సహజ న్యాయసూత్రాలను పాటించి తీరాలని ఆ తీర్పు స్థిరపరచింది. నేటికీ అది ప్రామాణికమే.

కనుక ఫిర్యాదు అందిన వెంటనే రిజిస్టరులో తేదీ కొట్టివేసి వేరొకటి రాయడం ఏ అధికారికీ తగదు. అదే విధంగా ఉద్యోగిపై జాలితో దిద్దుబాటు చేయడమూ తగదు. రెండూ నిబంధనలకు విరుద్ధమే.

ఏ పత్రానికి ఎంత విలువ?

పదవ తరగతి ధ్రువపత్రం: ఆ అర్హత ఉన్నవారి విషయంలో నియామక సమయంలో ప్రధాన ఆధారం ఇదే. దీనిలో తప్పు ఉన్నట్లయితే ఉద్యోగంలో చేరకముందే, చదివిన పాఠశాల ప్రధానోపాధ్యాయుని ద్వారా ప్రభుత్వ పరీక్షల విభాగానికి దరఖాస్తు చేసి సరిచేయించుకోవాలి.

జనన ధ్రువపత్రం: 2023లో సవరించిన జనన మరణాల నమోదు చట్టం ఆ ఏడాది అక్టోబరు 1 నుంచి అమలులోకి వచ్చింది. ఆ తేదీన, ఆ తరువాత పుట్టినవారికి పాఠశాల ప్రవేశం మొదలు ప్రభుత్వ నియామకం వరకు పుట్టిన తేదీ నిరూపణకు జనన ధ్రువపత్రమే ఆధారం. అంటే రేపటి తరం ఉద్యోగుల విషయంలో నేటి వివాదాలు చాలావరకు ఉండబోవు. అంతకు ముందు పుట్టినవారు చూపే పాత రిజిస్టరు నకలులో బిడ్డ పేరు లేనప్పుడు, ఆ నమోదు ఈ ఉద్యోగిదేనా, లేక చిన్ననాడే పోయిన అన్నదో అక్కదో అన్న ప్రశ్న తలెత్తుతుంది. ఆ లంకె కుదరనిదే నకలుకు విలువ రాదు.

ఆధార్ కార్డు: ఇది వ్యక్తిని గుర్తించడానికే గాని పుట్టిన తేదీ నిరూపణకు కాదని ఆధార్ ప్రాధికార సంస్థే 2023లో సర్క్యులర్ ద్వారా తెలియజేసింది. 2024 అక్టోబరులో సుప్రీంకోర్టు ఒక మోటారు ప్రమాద పరిహారం కేసులో ఈ మాటను ప్రస్తావిస్తూ పాఠశాల ధ్రువపత్రంలోని తేదీనే స్వీకరించింది.

సివిల్ కోర్టు డిక్రీ: స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం, 1963లోని 35వ సెక్షన్ ప్రకారం ప్రఖ్యాపక డిక్రీ అందులోని కక్షిదారులను, వారి ద్వారా హక్కు పొందినవారిని మాత్రమే కట్టివేస్తుంది. ప్రభుత్వాన్ని కక్షిదారుగా చేర్చకుండా తెచ్చుకున్న డిక్రీని చూపి సర్వీసు రిజిస్టరు మార్చమని కోరడం నిష్ప్రయోజనం.

కార్యాలయాధిపతులు పాటించవలసినవి

నియామకమైన వెంటనే అసలు ధ్రువపత్రాలను చూచి, పుట్టిన తేదీని అంకెలలోనూ అక్షరాలలోనూ రాయించాలి. ఏ పత్రం ఆధారంగా రాసినదీ అదే చోట పేర్కొనాలి. ఉద్యోగి సంతకం, అధికారి ధ్రువీకరణ తప్పనిసరి. కొట్టివేతలు, దిద్దుళ్లు, తెల్లరంగు పూతలు ఉండరాదు. సర్వీసు రిజిస్టరును ఎప్పటికప్పుడు ఉద్యోగికి చూపి సంతకం తీసుకోవడాన్ని లాంఛనంగా భావించరాదు. రాతపొరపాటు మొదటి ఏడాదిలోనే బయటపడే మార్గం అదే.

జీతాల కంప్యూటర్ రికార్డులో తేదీ సర్వీసు రిజిస్టరుతో సరిపోలకపోతే, మూల రికార్డు ఏదో మరువరాదు. కంప్యూటరులో ఎక్కించేటప్పుడు జరిగిన పొరపాటును రిజిస్టరును బట్టి సరిచేయాలే తప్ప, కంప్యూటరులో కనిపించిన తేదీని బట్టి రిజిస్టరును దిద్దకూడదు.

విరమణ తేదీని గమనించక ఉద్యోగిని కొనసాగిస్తే నష్టం ఇరుపక్షాలకూ ఉంటుంది. విరమణ వయస్సు దాటిన తరువాత దాదాపు మూడేళ్లు కొనసాగిన ఉద్యోగికి ఆ కాలపు జీతంపై హక్కు లేదని 1997లో రాధాకిషన్ కేసులో సుప్రీంకోర్టు పేర్కొన్నది. పని చేసి తీసుకున్న జీతం తిరిగి కట్టవలసి రావడం ఏ కుటుంబానికైనా భారమే. అది కార్యాలయ నిర్లక్ష్యానికి కూడా నిదర్శనమే. ఇక రికార్డును ఉద్దేశపూర్వకంగా తారుమారు చేసినవారిపై 1991 నాటి క్రమశిక్షణ నిబంధనల కింద చర్య తీసుకోవచ్చు.

దరఖాస్తు చేసేవారికి, వార్త రాసేవారికి

రాతపొరపాటును గమనించిన ఉద్యోగి ఆలస్యం చేయకుండా కార్యాలయాధిపతి ద్వారా రాతపూర్వక దరఖాస్తు చేయాలి. చేరిన నాడు సమర్పించిన పత్రం నకలును జతచేసి, రశీదు తీసుకోవాలి. దరఖాస్తును తిరస్కరిస్తే కారణాలతో కూడిన ఉత్తర్వు కోరాలి. పరిపాలనా ట్రైబ్యునల్ రద్దయినందున ఇప్పుడు రాష్ట్ర ఉద్యోగులు 2019 జనవరి 1 నుంచి అమరావతిలో పనిచేస్తున్న రాష్ట్ర హైకోర్టును ఆశ్రయించవచ్చు.

పాత్రికేయ మిత్రులు ఇటువంటి వివాదాలపై రాసేటప్పుడు నాలుగు ప్రశ్నలు అడిగితే వాస్తవం తేటతెల్లమవుతుంది. చేరిన నాడు ఇచ్చిన పత్రంలో ఏ తేదీ ఉన్నది? రిజిస్టరులో ఏమని నమోదైనది? మార్పు కోరిన మొదటి దరఖాస్తు ఏ సంవత్సరంలో ఇచ్చారు? కోరిన తేదీ ప్రకారం నియామకం నాటికి కనీస వయస్సు నిండినదా? ఈ నాలుగింటికీ జవాబులు లేకుండా ఉద్యోగికి అన్యాయం జరిగిందనో, అధికారి అక్రమం చేశాడనో రాయడం తొందరపాటు అవుతుంది.

నంబూరు, వెనిగండ్ల, తక్కెళ్లపాడు, ఉప్పలపాడు వంటి గ్రామాల సచివాలయాల్లో 2019 అక్టోబరు నుంచి చేరుతున్న యువ ఉద్యోగులకు విరమణ ఇంకా దశాబ్దాల దూరంలో ఉంది. వారు ఈ వారమే తమ సర్వీసు రిజిస్టరు తెరిచి మొదటి పుట చదువుకోవడం మేలు. తప్పు ఉంటే అడగవలసిన సమయం ఇదే. అసలు తేదీ వేరని తల్లికి తెలిసినా, పంచాంగం అంచున రాసి ఉన్నా, ముప్పయ్యేళ్ల తరువాత ఆ మాటకు కార్యాలయంలో చోటు ఉండదు. నిబంధన కఠినమైనదే. వరుసలో నిలబడిన మరో ఉద్యోగి పక్షాన చూసినప్పుడు ఆ కఠినత్వంలోని న్యాయం బోధపడుతుంది.